ఒక్క పేరు మార్చాలంటే ఎన్ని అంకణాలు కదలాలి?

మా మేనల్లుడు కావలిలో ఇంటర్ చదవతా ఉన్నాడు. పోయిన సంక్రాంతి సెలవల్లో అటక మీద నుంచి వాళ్ళ నాన్న పాత పీఎస్2 (సోనీ ప్లేస్టేషన్ 2, టీవీకి పెట్టి గేములాడే మిషన్) దించాడు. మా బావ కువైట్‌లో ఉన్నప్పుడు కొన్నది అది, దాంతో పాటు ఒరిజినల్ డిస్కులు ఒక ఏడెనిమిది ఉండాయి, అందులో ఒకటి క్రికెట్ గేమ్. రెండు రోజులు ఆడాడు, మూడో రోజు పొద్దున్నే నా దగ్గరకొచ్చి "మామా, ఇందులో ఉండే ప్లేయర్లంతా రిటైరైపోయినోళ్ళే, మా పిలకాయల పేర్లు పెట్టేదానికి కుదరదా?" అన్నాడు. అరగంట పని రా అబ్బయ్యా అన్నా నేను, బుద్ధి లేక.

అరగంట కాలేదు. ఎందుకు కాలేదో చెప్పడానికే ఇదంతా రాస్తన్నా, ఎందుకంటే డిస్క్ ఇమేజ్ (డిస్కులో ఉన్నదంతా ఉన్నదున్నట్టు ఫైల్‌గా దించుకున్న నకలు, మామూలుగా ఐఎస్ఓ ఫైల్) మార్చడం గురించి అడిగే ప్రతి ఒక్కరూ ఒకే చోట తప్పు అర్థం చేసుకుంటారు, ఒకప్పుడు నేనూ అట్టానే అనుకున్నా. ఐఎస్ఓ అంటే జిప్ ఫైల్ లాంటిదే కదా, విప్పి, లోపల మార్చి, మళ్ళీ మూసేస్తే పోలా అని. పోదు. జిప్‌లో ముఖ్యం ఏముందీ అనేది, డిస్క్ ఇమేజ్‌లో ముఖ్యం యాడుందీ అనేది. లోపలి సరుకు ఒక్క బైట్ కూడా చెడకపోయినా చోటు మారిందంటే గేమ్ నల్లగా మొహం పెట్టుకుని కూర్చుంటుంది.

నెల్లూరోళ్ళకి ఇది చెప్పడం తేలిక. మన దగ్గర ఇంటిస్థలం గురించి మాట్లాడితే గజాలు అనరు, ఎన్ని అంకణాలు అంటారు, అంకణం అంటే 72 చదరపు అడుగులు (తిరపతి పక్కకి పోతే అదే అంకణం 36 అడుగులైపోద్ది, ఆ సంగతి కూడా గుర్తుపెట్టుకోండి, ముందు పనికొస్తుంది). డిస్కుని ఒక పెద్ద లేఅవుట్ అనుకోండి. అందులో అంకణం పేరు సెక్టార్. ఒక్కో సెక్టార్‌లో 2048 బైట్లు పడతాయి, మామూలు 4.7 జీబీ డీవీడీలో ఇట్టాంటివి దాదాపు 23 లక్షలు, సున్నా నుంచి వరసగా నంబర్లు. ఫైల్ 2100 బైట్లే ఉన్నా సరే రెండు సెక్టార్లు రాసివ్వాల్సిందే, రెండోదాంట్లో మిగిలిన జాగా ఊరికే పడుంటుంది.

ఈ లేఅవుట్‌కి ఒక ఆఫీసు ఉంది. సీడీల కోసం 1988లో వచ్చిన ఐఎస్ఓ 9660 పద్ధతి ప్రకారం అది 16వ సెక్టార్‌లో మొదలవుద్ది, అంటే ఫైల్ మొదట్నుంచి 32,768వ బైట్ దగ్గర. హెచ్ఎక్స్‌డీ లాంటి హెక్స్ ఎడిటర్‌లో (ఫైల్‌లో ఒక్కో బైట్‌నీ చూపించి మార్చనిచ్చే సాఫ్ట్‌వేర్) ఏ ఐఎస్ఓ అయినా తెరిచి అక్కడికి పోయి ఒక బైట్ దాటితే ఇంగ్లీషు అక్షరాల్లో సీడీ001 అని కనపడుద్ది. ఏ ఫైల్ ఏ సెక్టార్ నుంచి మొదలు, ఎన్ని బైట్లు, అదంతా అక్కడి నుంచి వెతుక్కుంటా పోతే దొరికే రికార్డు. తమాషా ఏందంటే అందులో ప్రతి నంబర్ రెండుసార్లు రాసుంటుంది, ఒకసారి చిన్న బైట్ ముందు, ఇంకోసారి పెద్ద బైట్ ముందు. చేత్తో మారుస్తా ఒకటి మార్చి రెండోది మర్చిపోయారనుకోండి, ఒక సాఫ్ట్‌వేర్‌కి ఫైల్ ఒకచోట కనపడుద్ది ఇంకోదానికి పాత చోటే కనపడుద్ది, ఒకే స్థలానికి రెండు పాస్‌బుక్కులు ఉన్నట్టు.

మరి ఆ మొదటి 16 సెక్టార్లలో ఏముంటుంది? స్టాండర్డ్ ప్రకారం ఏమీ ఉండక్కర్లా, సిస్టమ్ వాడుకోమని వదిలేసిన 32 కేబీ. సోనీ దాన్ని వదల్లా. పీఎస్1 డిస్కుల్లో లైసెన్స్ సమాచారం అక్కడే, పీఎస్2 డిస్కుల్లో స్టార్టింగ్‌లో కనపడే లోగో అక్కడే. ఇప్పుడు మీరు ఫైళ్ళన్నీ ఒక ఫోల్డర్‌లోకి కాపీ చేసుకుని మామూలు బర్నింగ్ సాఫ్ట్‌వేర్‌లో కొత్త ఐఎస్ఓ కట్టారనుకోండి, ఫైళ్ళు మాత్రమే పోతాయి, ఫైల్ కానిదేదీ పోదు, ఆ 32 కేబీ సున్నాలతో నిండిపోద్ది. ఎమ్యులేటర్ (కంప్యూటర్‌లో గేమ్ మిషన్‌లా నటించే సాఫ్ట్‌వేర్) చాలాసార్లు చూసీచూడనట్టు పోనిస్తుంది గానీ అసలు మిషన్ ఒప్పుకోదు. "ఎమ్యులేటర్‌లో ఆడతా ఉంది, టీవీకి పెడితే ఆడట్లా" అనే ఫిర్యాదుల్లో కొన్ని ఇక్కడే పుడతాయి.

సరే మా క్రికెట్ గేమ్‌కి వస్తా. డిస్క్ ఇమేజ్ తీయడం పెద్ద కష్టం కాలా, పీఎస్2 డీవీడీలని మామూలు కంప్యూటర్ డీవీడీ డ్రైవే చదివేస్తుంది, ఇమ్గ్‌బర్న్‌లో పెట్టి తీశా. రెండుసార్లు తీసి రెండిటి ఎస్‌హెచ్ఏ-1 హ్యాష్ (ఫైల్‌కి వేలిముద్ర లాంటి నంబర్, ఒక బైట్ మారినా మారిపోద్ది) పోల్చి చూశా, ఎందుకంటే మన సముద్రపు గాలికి పదిహేనేళ్ళు అటక మీద ఉన్న డిస్కుని ఒక్కసారి చదివి నమ్మకూడదు. రీడంప్ అనే ప్రాజెక్టు వాళ్ళు ప్రపంచంలో దొరికిన గేమ్ డిస్కుల హ్యాష్‌లు పోగేసి పెట్టారు, మన డిస్కుది అందులో ఉన్నదానితో కలిసిందంటే ఇక అనుమానమే లేదు. ఈ పని చేయకుండా ముందుకు పోయినోళ్ళు తర్వాత గేమ్ ఆగిపోతే తప్పు తమ మార్పుదో, డిస్కు గీతదో తెలియక జుట్టు పీక్కుంటారు.

లోపల చూస్తే సిస్టమ్ డాట్ సీఎన్ఎఫ్ అనే బుల్లి టెక్స్ట్ ఫైల్, అందులో ఏ ప్రోగ్రామ్ నడపాలో ఒక లైన్. మాది ఎస్ఎల్ఈఎస్ తో మొదలయ్యే కోడ్, అంటే యూరప్ వైపు డిస్కు, అమెరికాది అయితే ఎస్ఎల్‌యూఎస్. ఆ ప్రోగ్రామ్ కాకుండా ఒక నాలుగైదు పెద్ద పెద్ద ఫైళ్ళు, ఒక్కోటి వందల ఎంబీ. ఇది ఇంకో సంగతి, లేఅవుట్‌లో ఒక ప్లాటు అనుకున్నది తీరా చూస్తే అపార్ట్‌మెంటు. ఆ పెద్ద ఫైల్ లోపల మళ్ళీ దాని సొంత పట్టిక, మళ్ళీ ఫ్లాట్ నంబర్లు. ఐఎస్ఓ రికార్డుకి ఆ అపార్ట్‌మెంటు గేటు వరకే తెలుసు, లోపల ఏ ఫ్లాట్ యాడుందో గేమ్‌కి మాత్రమే తెలుసు, ఆ పట్టిక రూపం ఒక్కో కంపెనీది ఒక్కో రకం.

మా అదృష్టం బాగుండి పేర్ల ఫైల్ కంప్రెస్ చేసి లేదు. హెక్స్ ఎడిటర్‌లో ఒక పాత ప్లేయర్ పేరు వెతికితే దొరికింది. ప్రతి పేరుకి 16 బైట్లు, దాని వెనకే ఆ ప్లేయర్ బ్యాటింగ్ ఇంత, బౌలింగ్ ఇంత అని నంబర్లు. పదహారులో చివరిది సున్నా ఉండాలి, పేరు ఇక్కడితో అయిపోయింది అని గుర్తు, కాబట్టి మిగిలేది 15 అక్షరాలు. ఇంగ్లండు ఆటగాళ్ళని దృష్టిలో పెట్టుకుని కొలిచిన చొక్కా అది. మన వెంకటసుబ్బారెడ్డి లాంటి పేరుకి ఇంగ్లీషులో 17 అక్షరాలు. మావాడు నేను టీ తాగొచ్చేలోపే 17 అక్షరాలూ టైప్ చేసి సేవ్ కొట్టేశాడు. ఏమైందంటే, 17వ అక్షరం, అంటే చివరి వై, పోయి బ్యాటింగ్ నంబర్ మీద కూర్చుంది. కంప్యూటర్ లెక్కలో ఆ చిన్న వై అక్షరం విలువ 121. వందకి కొలిచే చోట 121 పడేసరికి ఆ బ్యాట్స్‌మన్ ముట్టుకున్న ప్రతి బాలూ సిక్సర్! పేరు చివర సున్నా కూడా కొట్టుకుపోయింది కాబట్టి స్కోర్‌బోర్డులో పేరు ఆగకుండా వెనకున్న నంబర్లని కూడా అక్షరాలనుకుని పిచ్చిగీతలు చూపిస్తా పోయింది. మావాడికి మాత్రం ఇది బగ్గులా అనిపించలా.

కుదించుకుందాం రా అంటే ఒప్పుకోలా, ఒక్కో పేరుకి 24 బైట్లు చేద్దాం అన్నాడు. ఇక్కడే అసలు కథ. 16 ని 24 చేయాలంటే ముందు గేమ్ ప్రోగ్రామ్‌లో "పక్క ప్లేయర్ ఇన్ని బైట్ల అవతల ఉంటాడు" అనే లెక్క ఉన్న ప్రతి చోటా మార్చాలి. అది చేశామే అనుకుందాం. ఫైల్ పెరుగుద్ది. ఉదాహరణకి పేర్ల ఫైల్ 41,200వ సెక్టార్‌లో మొదలై 30 సెక్టార్లు ఉందనుకోండి, అది 31 అయింది. ఐఎస్ఓ ఎడిట్ చేసే టూల్ ఏం చేస్తుందీ, వెనకున్న ప్రతి ఫైల్‌నీ ఒక్కో అంకణం అవతలికి జరిపి, ఆఫీసు రికార్డులో కొత్త నంబర్లు రాసేస్తుంది. రికార్డు ప్రకారం అంతా కరెక్టే. గేమ్ ఆ రికార్డు చూస్తే కదా! చాలా గేములు తయారీ రోజునే "స్టేడియం బొమ్మలు 41,230వ సెక్టార్" అని నంబర్ తన ప్రోగ్రామ్‌లోనే రాసి పెట్టుకుంటాయి, పేరు పట్టి వెతకవు, నేరుగా ఆ నంబర్ దగ్గరకి పోయి తలుపు కొడతాయి. అక్కడిప్పుడు స్టేడియం లేదు, పేర్ల ఫైల్ తోక ఉంది. నల్ల స్క్రీన్.

అట్టా ఎందుకు రాసుకుంటారు, బద్ధకమా అంటే కాదు. డ్రైవ్‌లో లెన్సు ఒక చోటు నుంచి ఇంకో చోటుకి పోవడం అనేది ఆ మిషన్‌లో అన్నిటికంటే నిదానమైన పని. పీఎస్1 కి మెమరీ 2 ఎంబీ, పీఎస్2 కి 32 ఎంబీ, అందులో ఎక్కువ దాచుకోలేదు, మాటిమాటికీ డిస్కు దగ్గరకి పోవాల్సిందే. ప్రతిసారీ ముందు ఆఫీసుకి పోయి అడ్రస్ కనుక్కుని తర్వాత ఇంటికి పోతే రెండు ప్రయాణాలు, నంబర్ ముందే తెలిస్తే ఒకటే. ఇదే కారణంతో ఇంకో రెండు పనులు చేసేవాళ్ళు. ఒకటి, మొదట్లో ఎందుకూ పనికిరాని డమ్మీ ఫైల్ పెద్దది ఒకటి పెట్టి అసలు సరుకుని డిస్కు బయటి అంచు వైపు నెట్టడం, డిస్కు ఒకే వేగంతో తిరిగేటప్పుడు అంచు దగ్గర ఒక చుట్టులో ఎక్కువ డేటా పోతుంది కదా, అందుకు. రెండోది, ఒకే ఫైల్‌ని రెండు మూడు చోట్ల పెట్టడం, లెన్సు ఎక్కడున్నా దగ్గర్లో ఒక కాపీ దొరికేట్టు. మాకు ఈ రెండోది తగిలింది. మెనూలో కొత్త పేర్లు వచ్చాయి, మ్యాచ్ మొదలైతే పాత పేర్లు! మళ్ళీ వెతికితే అదే జాబితా ఇంకో అపార్ట్‌మెంటులో కాపురం ఉంది.

మరి చోటు కదలకుండా పెద్ద ఫైల్ పెట్టేదెట్టా? అన్నిటికంటే సుఖం, పెంచకపోవడం. కొత్తది పాతదానికంటే చిన్నదైతే మిగిలింది సున్నాలతో నింపేసి అదే చోట పెట్టేయొచ్చు. చివరి సెక్టార్‌లో ఊరికే పడున్న జాగా ఉంటే అక్కడి దాకా పెంచుకోవచ్చు. అదీ చాలకపోతే ఎవరినీ కదపకుండా, పెద్దదైన ఆ ఒక్క ఫైల్‌ని తీసుకుపోయి ఇమేజ్ చివర్లో కొత్త అంకణాలు కలిపి అక్కడ కూర్చోబెట్టి, పాత చోటుని పాడుబెట్టి, రికార్డులోనూ గేమ్ సొంత పట్టికలోనూ ఆ ఒక్క నంబర్ మార్చడం. ఊళ్ళో రోడ్డు వెడల్పు చేసేటప్పుడు వీధి వీధంతా జరపరు కదా, అడ్డమొచ్చిన ఒక్కిల్లు తీసి ఊరి బయట స్థలమిస్తారు, అంతే. చివరికి మేం ఇది కూడా చేయలా, ఇంటిపేరుకి ఒక అక్షరం పెట్టి పేర్లు కుదించుకున్నాం. 15 లో వెంకటసుబ్బడు పట్టాడు, రెడ్డి పట్టలా.

ఇదంతా పీఎస్2 డీవీడీ కథ. పీఎస్1 సీడీల దగ్గరకి పోతే తిరపతి అంకణం సంగతి వస్తుంది. సీడీలో సెక్టార్ అసలు సైజు 2352 బైట్లు. మొదటి 12 బైట్లు ఇక్కడ సెక్టార్ మొదలు అని గుర్తు, 4 అడ్రస్, పీఎస్1 వాడే రకంలో ఇంకో 8 ఉపశీర్షిక, తర్వాత మన 2048, ఆ వెనక తప్పుల్ని కనిపెట్టే 4, తప్పుల్ని సరిదిద్దే 276. లెక్క చూసుకోండి, 2352 వస్తుంది. ఇదొక రకం. ఇంకో రకంలో సరిదిద్దే బైట్లు తీసేసి డేటానే 2324 పెడతారు, వీడియో, మాటలు, పాటలు ఇందులో పోతాయి, అక్కడ ఒక బైట్ తప్పినా చెవికి తెలీదు కాబట్టి. ఈ రెండు రకాలూ ఒకే డిస్కులో, ఒక్కోసారి ఒకే ఫైల్‌లో కలగలిసి ఉంటాయి.

అందుకే పీఎస్1 గేముకి ఐఎస్ఓ కాదు, బిన్ (2352 బైట్లూ ఉంచే నకలు), దాని పక్కన క్యూ (అందులో ఏది యాడుందో చెప్పే బుల్లి ఫైల్). చదువుకునే రోజుల్లో ట్రంకు రోడ్డు పక్కన సందులో ఒక షాపులో సీడీలు రాసే పని నేర్చుకున్నా, అప్పుడు నా తెలివితేటలు ఎట్టాంటివంటే బిన్ పెద్దగా ఉంది ఐఎస్ఓ చేస్తే తగ్గుద్ది అని మార్చేశా, నిజంగానే తగ్గింది. గేమ్ కూడా లోడైంది. వీడియోలు మాత్రం మూగబోయాయి, మాటల్లేవు, ఒక చోట ఆగిపోయింది. ప్రతి సెక్టార్‌లో 2048 మాత్రమే ఉంచుకుని మిగిలింది పారేసింది ఆ కన్వర్టర్, మాటలున్న సెక్టార్లలో 2324 లో 276 బైట్లు చెత్తబుట్టలోకి పోయాయి. కస్టమర్‌కి స్పీకర్లు చెక్ చేసుకోమని చెప్పా. ఆయన పాపం స్పీకర్లు మార్చాడు కూడా.

సరిదిద్దే 276 బైట్ల దగ్గర ఇంకో గమ్మత్తు ఉంది. బిన్‌లో ఒక అక్షరం మార్చి ఆ 276 ని మళ్ళీ లెక్కగట్టకుండా డిస్కు రాశారనుకోండి, డ్రైవ్ ఏమనుకుంటుంది? ఇక్కడేదో గీత పడి అక్షరం చెడిపోయినట్టుంది అనుకుని ఆ 276 సాయంతో మీరు మార్చిన అక్షరాన్ని మళ్ళీ పాతదిగా దిద్దేసే ప్రమాదం ఉంది, లేదా దిద్దలేక ఎర్రర్ ఇస్తుంది. ఎమ్యులేటర్లు ఎక్కువగా దాన్ని పట్టించుకోవు కాబట్టి ఇంట్లో టెస్ట్ చేసినప్పుడు తెలీదు. కాబట్టి పీఎస్1 కి మార్పు చేస్తే ఆ లెక్కలు తిరిగి కట్టే టూల్ వాడాలి, మొత్తం డిస్కే విప్పి కట్టాలంటే ఎంకేపీఎస్ఎక్స్ఐఎస్ఓ అనే ఉచిత టూల్ ఉంది, అది ఫైళ్ళు ఏ వరసలో ఉండాలో కూడా మనల్నే రాయమంటుంది, లైసెన్స్ భాగం కూడా అడుగుద్ది.

ఇమేజ్‌లో అసలు పడనివి కూడా ఉన్నాయి. పీఎస్1 ఒరిజినల్ డిస్కు లోపలి అంచు దగ్గర గాడిని కావాలనే కొంచెం వణికించి ఆ వణుకులో నాలుగక్షరాల ప్రాంతం గుర్తు దాచారు, జపాన్‌కి ఒకటి, అమెరికాకి ఒకటి, యూరప్‌కి ఒకటి. మన సీడీ రైటర్ ఆ వణుకు రాయలేదు, ఇమేజ్‌లోకి అది రానే రాదు, ఫోటోలో పడని పుట్టుమచ్చ అనుకోండి. అప్పట్లో "చిప్పు వేయించడం" అంటే ఆ నాలుగక్షరాలని మిషన్‌కి చెవిలో ఊదే చిన్న చిప్పు పెట్టించడమే.

సరే, ఈ మధ్యలో మావాడు అడగనే అడిగాడు, "పేర్లు తెలుగులో రావా మామా?" అని. ఇది విడిగా రాయాల్సినంత సబ్జెక్టు గానీ ముఖ్యమైంది చెప్తా. ఆ కాలం గేముల్లో ఫాంట్ అంటే ఒక బొమ్మ, గళ్ళు గళ్ళుగా గీసిన అక్షరాలు, ఒక కోడ్‌కి ఒక గడి, ఎడమ నుంచి కుడికి ఒకదాని పక్కన ఒకటి పేర్చుకుంటా పోవడమే. మన లిపికి గుణింతం పైన ఎక్కాలి, వత్తు కింద దిగాలి, ఆ గేముకి పైకీ కిందకీ అనేదే తెలీదు. పోనీ గుణింతాలన్నీ ముందే గీసి పెడదామంటే 36 హల్లులకి 14 చొప్పున వేసుకున్నా 504 గళ్ళు, వత్తులు ఇంకా మొదలే పెట్టలా, ఇంగ్లీషు వెర్షన్ ఫాంట్‌లో ఉండేదేమో వందా నూటయాభై గళ్ళు. ఇక్కడ ఎదురు దారి ఒకటుంది, తెలుగు చేయాలనుకునేవాడు ఇంగ్లీషు డిస్కు కాదు, జపాన్ డిస్కు పట్టుకోవాలి. జపాన్ అక్షరాల ప్రమాణంలో కాంజీలే (చైనా నుంచి వచ్చిన బొమ్మల్లాంటి అక్షరాలు) 6,355, అన్నీ ఒక్కో గేములో ఉండకపోయినా వేలల్లో గళ్ళకి చోటు, అక్షరానికి రెండు బైట్లు చదివే అలవాటు ఆ ప్రోగ్రామ్‌కి ముందే ఉంటుంది. ఆ కాంజీలు చెరిపి "క్ష్మి", "ద్రె", "స్త్రీ" అన్నీ నిండు గళ్ళుగా గీసేసుకోవచ్చు. సుబ్బారెడ్డి అనే పేరు మామూలుగా యూనికోడ్ యూటీఎఫ్-8 లో 36 బైట్లు తింటుంది, ఇట్టా నిండు గళ్ళతో రాస్తే సు, బ్బా, రె, డ్డి, నాలుగు గళ్ళు, 8 బైట్లు. నాకు ఇది కనిపెట్టిన రోజు నిద్ర పట్టలా.

చట్టం సంగతి. నేను లాయర్ని కాదు, చదివి అర్థం చేసుకున్నది చెప్తన్నా. మన 1957 కాపీరైట్ చట్టంలో సెక్షన్ 52 అనేది ఏది ఉల్లంఘన కాదో చెప్పే జాబితా. అందులో (1)(ఏడీ) ప్రకారం చట్టబద్ధంగా తనకి దొరికిన కాపీ నుంచి, వ్యాపారం కాని సొంత వాడకానికి, కంప్యూటర్ ప్రోగ్రామ్‌ని కాపీ చేసుకోవడం గానీ మార్చుకోవడం గానీ ఉల్లంఘన కాదు. "మార్చుకోవడం" అనే మాట అందులోనే ఉంది, చాలా దేశాల వాళ్ళకి ఇంత తేటగా రాసి లేదు. మరి గేములో ప్రోగ్రామ్ ఒక్కటే ఉండదు కదా, పాటలు, బొమ్మలు, వీడియోలు? వాటికి అదే సెక్షన్‌లో సొంత వాడకానికి న్యాయమైన మేరకు అని వేరే క్లాజు ఉంది, అది ఇంత గట్టిది కాదు. తాళాల గురించి 2012 సవరణలో 65ఏ వచ్చింది, హక్కుల్ని ఉల్లంఘించే ఉద్దేశంతో రక్షణ ఏర్పాటుని దాటితే రెండేళ్ళ దాకా జైలు, జరిమానా, కానీ చట్టం నిషేధించని పని కోసమైతే ఆ సెక్షన్ అడ్డు కాదని కూడా అక్కడే ఉంది. అమెరికా వాళ్ళ 1998 చట్టం దీనికంటే బాగా కఠినం, నెట్‌లో చదివే భయాలు ఎక్కువ భాగం అక్కడివి.

గమనించాల్సింది "చట్టబద్ధంగా దొరికిన" అనే మాట. అప్పట్లో మన ఊళ్ళల్లో పీఎస్2 ఆడినోళ్ళలో ఒరిజినల్ డిస్కు కొన్నోళ్ళు ఎంతమంది? నేనే రాసిచ్చా కదా షాపులో కూర్చుని, కాబట్టి నీతులు చెప్పే మొహం కాదు నాది. కానీ ఆ నకలు డిస్కుని ఇమేజ్ తీసుకుని మార్చుకుంటే ఆ క్లాజు మిమ్మల్ని కాపాడదు. మా బావ కువైట్ నుంచి తెచ్చిన డిస్కు కాపాడుద్ది. అట్టానే ఎమ్యులేటర్ వాడితే అందులో వేసే బయాస్ (మిషన్‌ని స్టార్ట్ చేసే దాని లోపలి ప్రోగ్రామ్) సోనీది, సొంత మిషన్ నుంచి తీసుకోవాలి.

మావాడి ఫ్రెండు కందుకూరులో ఒకడు, వాళ్ళ దగ్గరా అదే డిస్కు ఉందంట, మారిన ఐఎస్ఓ పంపమన్నాడు. అది పంపితే సొంత వాడకం అనే మాట అక్కడితో సరి. దీనికి దారి ప్యాచ్ ఫైల్. పాతదానికీ కొత్తదానికీ తేడా మాత్రమే రాసిన చిన్న ఫైల్, గేమ్ అందులో ఉండదు, మన అక్షరాలే ఉంటాయి. కార్ట్రిడ్జి రోజుల నుంచి ఉన్న ఐపీఎస్ అనే రకం చోటుని మూడు బైట్లలోనే రాస్తుంది కాబట్టి 16 ఎంబీ దాటి పోలేదు, డీవీడీకి పనికిరాదు, ఎక్స్‌డెల్టా అనే రకం వాడాలి. మాది 3 జీబీ పైచిలుకు ఇమేజ్, ప్యాచ్ కొన్ని కేబీలు, వాట్సాప్‌లో పోయింది. మొదట వాడికి పట్టలా, ఎక్స్‌డెల్టా ఎర్రర్ ఇచ్చింది, తీరా చూస్తే వాడిది ఎస్ఎల్‌యూఎస్ డిస్కు. పేరు అదే, అట్ట అదే, లోపల అంకణాలు వేరు.

నింటెండో వాళ్ళ వీ అనే గేమ్ మిషన్ అయితే ఇంత సుళువు కాదు, ముట్టుకోబోయే ముందు తెలుసుకోండి. అందులో డేటా ఏఈఎస్-128 తో తాళం వేసి, ప్రతి ముక్కకీ హ్యాష్, ఆ హ్యాష్‌లకి మళ్ళీ హ్యాష్, అట్టా మెట్లు మెట్లుగా పైకి పోయి చివర్లో నింటెండో సంతకం. ఒక బైట్ మారిస్తే పై మెట్టు దాకా తెలిసిపోద్ది. అంత కోట కట్టి, సంతకం పోల్చే చోట మాత్రం టెక్స్ట్ పోల్చే ఫంక్షన్ వాడారు, అది సున్నా బైట్ రాగానే "అయిపోయింది, రెండూ ఒకటే" అనేస్తుంది, అంటే రెండువైపులా మొదటి బైట్ సున్నా వచ్చేట్టు చూసుకుంటే చాలు, నకిలీ సంతకం పాస్. తర్వాత అప్‌డేట్లలో పూడ్చారు. మా పేర్ల చివరి సున్నా గొడవా, వాళ్ళ సున్నా గొడవా, ఒక తాను ముక్కలే.

పీఎస్2 లో అట్టాంటి హ్యాష్ కాపలా లేదు, ఇమేజ్ మారినా మిషన్ కనిపెట్టదు, దాని పట్టింపల్లా డిస్కు ఒరిజినలా కాదా అన్నదే. కాబట్టి మారిన ఇమేజ్‌ని డిస్కు మీద రాయకుండా, మెమరీ కార్డు నుంచి లేచే ఫ్రీఎంసీబూట్ అనే ప్రోగ్రామ్ పెట్టి, డిస్కు లేకుండా ఇమేజ్‌ని ఆడించే ఓపీఎల్ తో నడిపాం. పెన్‌డ్రైవ్ నుంచి వద్దు, ఆ మిషన్‌లో ఉన్నది యూఎస్‌బీ 1.1, వీడియోలు నత్తనడక నడుస్తాయి, నెట్‌వర్క్ కేబుల్ నయం. పెట్టాం, ఆడాం, మళ్ళీ పాత పేర్లే! ఈసారి ఇమేజ్ తప్పు కాదు, టీమ్ జాబితాని గేమ్ ఒకసారి మెమరీ కార్డులో సేవ్ చేసుకుందంటే ఇక డిస్కు వైపు చూడదు. సేవ్ తీసేస్తే పిలకాయలంతా దిగారు. ఎమ్యులేటర్లో సేవ్ స్టేట్ (ఆట మధ్యలో మెమరీ అంతా ఉన్నదున్నట్టు దాచుకోవడం) పెట్టుకున్నోళ్ళకీ ఇదే, పాత మెమరీ అంతా తిరిగొస్తుంది, మార్పు పనిచేయలేదనుకుని మంచి ఇమేజ్‌ని మళ్ళీ కెలుకుతారు.

ఇక మావాడికి మిగిలింది కామెంటరీ. తెర మీద వెంకటసుబ్బడు, మాటల్లో ఎవరో ఇంగ్లీషాయన. పేరుకీ మాటకీ సంబంధం లేదు, మాట ప్లేయర్ నంబర్‌తో ముడిపడి ఉంది. ఇప్పుడు వాళ్ళ అమ్మమ్మ గొంతుతో పెడదామంటాడు. లెక్క వేశాం. సోనీ పద్ధతిలో శబ్దం 16 బైట్ల ముక్కలుగా ఉంటుంది, ఒక ముక్కలో 28 శాంపిళ్ళు (శబ్దాన్ని క్షణక్షణానికీ కొలిచిన కొలతలు). ఈ గేములో సెకనుకి 22,050, ఒక్కో పేరుకి రెండు సెకన్లు. 44,100 శాంపిళ్ళు, 1,575 ముక్కలు, 25,200 బైట్లు, 13 సెక్టార్లు. పదమూడో దాంట్లో 1,424 బైట్లు ఖాళీ, అంటే ఇంకో 89 ముక్కలు, సెకనులో పదో వంతు కంటే కాస్త ఎక్కువ. మా అమ్మకి మైకు ఇచ్చి రెండు సెకన్లలో చెప్పమంటే, "ఒరే సుబ్బయ్యా, చూసి ఆడరా నాయనా" అని నాలుగు సెకన్లు తీసుకుంది. కత్తిరిస్తే "చూసి" దగ్గర తెగుతా ఉంది, ఆ పదమూడో అంకణంలో మిగిలిన జాగా కూడా కలిపితే "చూసి ఆ" దాకా వస్తుంది.